కారిన్ ఫాల్క్ అంటే ఆ ఒక్క ‘ఏడు’ మాత్రమేనా?

యూరప్ దేశాలు ఏటా తలో పాటతో తలపడే యూరోవిజన్ పాటల పోటీలో జరిగిన తప్పులు, తమాషాలు అంటూ ఎవరు ఏ లిస్టు వేసినా అందులో ఒక స్వీడన్ ఆవిడ తప్పకుండా ఉంటుంది. పేరు కారిన్ ఫాల్క్. 1975 మార్చి 22 రాత్రి స్టాక్‌హోమ్‌లో లైవ్ నడుస్తోంది, ఒక్కో దేశం ఫోన్లో పాయింట్లు చెబుతోంది, ఆవిడ వాటిని అందుకుంటూ అందుకుంటూ ఒకచోట తడబడి ‘ఫ్రాన్స్‌లో ఏడు ఎంత?’ అని అడిగేసింది. ఫ్రెంచ్‌లో ఏడుని ఏమంటారు అనబోతే అలా వచ్చింది, అంతే. యాభై ఏళ్ళు దాటినా ఆ వాక్యం ఆవిడని వదల్లేదు. యూట్యూబ్‌లో ఆవిడ పేరు కొడితే ముందు వచ్చేది అదే రాత్రి.

నాకు దీనిమీద కోపం ఉంది. తప్పుని చూసి నవ్వినందుకు కాదు, అది నవ్వొచ్చే తప్పే, నేనూ నవ్వాను. కానీ అదే లిస్టులో ఆవిడ గురించి ‘ఆనాటి యాంకర్’ అని రాసి వదిలేస్తారు చూడండి, అక్కడ వస్తుంది చిరాకు. ఎందుకంటే కారిన్ ఫాల్క్ యాంకర్ కాదు. అంటే ఆ రాత్రి యాంకరే, కానీ ఆవిడ అసలు ఉద్యోగం అది కాదు. ఆవిడ ప్రొడ్యూసర్, డైరెక్టర్. స్వీడన్ టీవీలో ఆడవాళ్ళు ప్రొడ్యూసర్ కుర్చీలో కూర్చోవడం మొదలైన తొలి రోజుల్లో కూర్చున్న కొద్దిమందిలో ఒకరు. పాటలు, ఆటలు, వినోదం, ఆవిడ ఏరియా అంతా అదే.

సంగతి ఎక్కడ తేడా కొడుతుందంటే, టీవీలో ఆడవాళ్ళ చరిత్ర అనగానే మనం తెర మీద కనపడిన మొహాలనే లెక్కబెడతాం. మొదటి న్యూస్ రీడర్ ఎవరు, మొదటి యాంకర్ ఎవరు. ఆ మొహాన్ని ఎప్పుడు చూపించాలి, ఎంతసేపు చూపించాలి, ఎప్పుడు తప్పించాలి అని చెప్పే మనిషి ఎవరని ఎవరూ అడగరు. నేను కొంతకాలం ఒక తెలుగు న్యూస్ ఛానల్ పీసీఆర్‌లో పనిచేశాను కాబట్టి ఈ విషయంలో నాకు కాస్త పక్షపాతం ఉంది, ముందే చెబుతున్నాను. పీసీఆర్ అంటే తెలియనివాళ్ళకి: స్టూడియో పక్కనో పైనో ఉండే చీకటి గది. ఎదురుగా వరసగా మానిటర్లు, ఒక్కోదాంట్లో ఒక్కో కెమెరా. ‘రెండు రెడీ... కట్ టు టూ’ అని ఒక మనిషి అంటాడు, పక్కన స్విచ్చర్ దగ్గరున్నవాడు బటన్ నొక్కుతాడు, ఇంట్లో మీకు బొమ్మ మారుతుంది. ఆ మనిషి గొంతు టాక్‌బ్యాక్‌లో యాంకర్ చెవిలో పడుతూ ఉంటుంది. ‘ఇంకో ముప్ఫై సెకన్లు లాగు’, ‘ఫోనో కట్ అయింది, బ్రేక్‌కి వెళ్ళు’. యాంకర్ నవ్వుతూ బ్రేక్‌కి వెళ్తుంది. బాగా జరిగితే యాంకర్‌కి ఫ్యాన్స్, తేడా కొడితే పీసీఆర్‌కి తిట్లు. ఇది నాకు తెలిసిన టీవీ. కారిన్ ఫాల్క్ బతుకంతా ఈ చీకటి గది వైపు గడిచిన బతుకు.

పైగా అది ఎలాంటి టీవీ! స్వీడన్‌లో ట్రయల్ ప్రసారాలు 1954లో మొదలయ్యాయి, రోజువారీ ప్రసారాలు 1956 సెప్టెంబరులో. ఒకటే ఛానల్. రెండోది రావడానికి 1969 డిసెంబరు దాకా పట్టింది. ప్రకటనలు లేవు, జనం కట్టే లైసెన్స్ ఫీజు మీదే నడిచేది. ఒకటే ఛానల్ అంటే ఏమిటో ఇప్పటివాళ్ళకి చెప్పడం కష్టం. ఇవాళ దేశం మొత్తం ఏం చూసిందో రేపు ఆఫీసులో, బస్సులో, స్కూల్లో అదే మాట్లాడుకుంటుంది. 1962లో ఏప్రిల్ 1న టీవీలో ఒక టెక్నికల్ నిపుణుడు వచ్చి, మీ టీవీ తెర మీద నైలాన్ మేజోడు సాగదీసి కప్పితే బ్లాక్ అండ్ వైట్ బొమ్మ రంగుల్లో కనపడుతుందని గంభీరంగా చెప్తే, బోలెడంతమంది నిజంగానే మేజోళ్ళు కత్తిరించుకుని చూశారు. రంగుల ప్రసారం అధికారికంగా వచ్చింది 1970లో, ఆ తమాషా రోజుకి సరిగ్గా ఎనిమిదేళ్ళ తర్వాత, మళ్ళీ ఏప్రిల్ 1నే. వాళ్ళ హాస్యం అలాంటిది.

ఆ తొలినాళ్ళ లైవ్ ఎంత ప్రమాదమో చెప్పడానికి ఒక్క క్విజ్ కథ చాలు. 1957. ప్రతి రౌండ్‌కీ సొమ్ము రెట్టింపవుతూ పోయే కార్యక్రమం, ఆఖరి బహుమతి పదివేల క్రోనర్లు. ఉల్ఫ్ హన్నెర్జ్ అనే పద్నాలుగేళ్ళ కుర్రాడు అక్వేరియం చేపల మీద ఆడుతున్నాడు. కనురెప్పలున్న చేప ఏది అని ప్రశ్న. వీడు మడ్‌స్కిప్పర్ అన్నాడు, మన కోరింగ మడ అడవుల్లో బురదమీద గెంతుతూ తిరుగుతుందే, ఆ జాతి చేప. తప్పు అన్నారు. కుర్రాడు వెళ్ళిపోయాడు. తర్వాత తెలిసినవాళ్ళు లేచి, కుర్రాడు చెప్పిందే రైటు, తప్పు కార్యక్రమంవాళ్ళదే అన్నారు. దేశమంతా గోల. వాణ్ణి మళ్ళీ పిలిపించారు, పదివేలూ గెలుచుకున్నాడు, ఆ తర్వాత పెద్దయ్యి పేరున్న సామాజిక మానవ శాస్త్రవేత్త అయ్యాడు. ఈ కథలో కుర్రాడు అందరికీ గుర్తు, ప్రశ్నలడిగిన నిల్స్ ఎరిక్ బేరెన్‌ట్స్ కొందరికి గుర్తు. రీటేక్ లేని ఆ రాత్రి స్టూడియో వెనక ఎవరెవరు ఎంత టెన్షన్ పడ్డారో ఎవరికీ అక్కర్లేదు. టీవీ అనే పని ఎలా చెయ్యాలో పుస్తకం లేని రోజులు, చేసేవాళ్ళే కనిపెట్టుకుంటూ పోయిన రోజులు. ఫాల్క్ ఆ బడిలో తయారైన మనిషి.

ఇక ‘మొదటి మహిళ’ల సంగతి. 1958లో స్వీడన్ టీవీలో ‘అక్తుఎల్త్’ అనే వార్తల కార్యక్రమం మొదలైంది. అందులో వార్తలు చదివిన గున్ హెగ్‌లుండ్ ఆ దేశంలో తొలి మహిళా టీవీ న్యూస్ రీడర్. ఇది మామూలు విషయం కాదు. ఇంగ్లండ్‌లో బీబీసీ 1960లో నాన్ వింటన్‌ని జాతీయ వార్తలకి కూర్చోబెట్టి, ఆడమనిషి రాత్రి వార్తలు చదవడం ప్రేక్షకులకి రుచించట్లేదని చెప్పి ఏడాది తిరక్కుండానే తప్పించింది. పశ్చిమ జర్మనీలో వీబ్కె బ్రూన్స్ వార్తల్లో కనపడింది 1971లో. అంటే స్వీడన్ పదమూడేళ్ళు ముందుంది. హెగ్‌లుండ్ పేరు చరిత్రలో ఉండాల్సిందే, ఉంది కూడా. కానీ ఒకటి ఆలోచించండి. నాన్ వింటన్‌ని తీసెయ్యమన్నది ఎవరు? తెరమీద లేనివాళ్ళు. మొహాన్ని కూర్చోబెట్టిన చెయ్యే మొహాన్ని లేపేస్తుంది. ఆ చెయ్యి ఎవరిది అన్నదే నా ప్రశ్న. అందుకే నా దృష్టిలో 1963లో బీబీసీలో వెరిటీ లాంబర్ట్ డ్రామా ప్రొడ్యూసర్ అవ్వడం, అటు స్టాక్‌హోమ్‌లో కారిన్ ఫాల్క్ వినోద కార్యక్రమాలు ప్రొడ్యూస్ చెయ్యడం, ఈ రెండూ న్యూస్ రీడర్ కుర్చీ కంటే పెద్ద మలుపులు. లాంబర్ట్‌కి ‘డాక్టర్ హూ’ సీరియల్ ఉంది కాబట్టి ప్రపంచం గుర్తుపెట్టుకుంది. ఫాల్క్‌కి ఏడు ఉంది.

వినోదం అనేసరికి కొందరు పెదవి విరుస్తారు. వార్తలు, డాక్యుమెంటరీలు అయితే గొప్ప, పాటలూ ఆటలూ అయితే తేలిక. టీవీలో పనిచేసిన వాళ్ళనెవరినైనా అడగండి. వార్తల బులెటిన్ ఒక మనిషి, ఒక బల్ల, రెండు కెమెరాలు. శనివారం రాత్రి వినోద కార్యక్రమం అంటే ఆర్కెస్ట్రా, డాన్సర్లు, అతిథులు, ఎదురుగా జనం, లైట్లు, ఎవడో ఒకడు స్క్రిప్ట్‌లో లేని జోకు వెయ్యడం, మరొకడు తన టైము దాటి పాడుతూనే ఉండటం. అన్నీ ఒక గంటలో సర్దాలి. ఎక్కువ కష్టమైన పనే ఆవిడ చేసింది, తక్కువ గౌరవం ఉన్న విభాగంలో చేసింది.

ఇప్పుడు 1975కి వద్దాం. ముందటేడు ఇంగ్లండ్‌లోని బ్రైటన్‌లో స్వీడన్ గ్రూపు అబ్బా ‘వాటర్లూ’తో గెలిచింది కాబట్టి, పోటీ నిర్వహించాల్సిన బాధ్యత స్వీడన్ మీద పడింది. వేదిక స్టాక్‌హోమ్ శివార్లలో ఎల్వ్‌శో దగ్గరున్న ఎగ్జిబిషన్ హాలు. ఫాల్క్ ఆ ఫిబ్రవరిలో స్వీడన్ తరఫు పాటని ఎంపిక చేసే పోటీకి యాంకరింగ్ చేసింది, అందులో లాస్సె బెర్యహాగెన్ పాట గెలిచింది. మార్చిలో అసలు పోటీకీ ఆవిడే. ఎగ్జిక్యూటివ్ ప్రొడ్యూసర్ రోలాండ్ ఐవర్త్, డైరెక్టర్ బూ బిల్తేన్. ఇద్దరూ మగవాళ్ళు. కంట్రోల్ రూమ్ తెలిసిన ఆడమనిషి వేదిక మీద, కంట్రోల్ రూమ్ మగవాళ్ళ చేతిలో. దీన్ని కుట్ర అనడం లేదు, వాళ్ళు చేతకానివాళ్ళనీ అనడం లేదు. దేశంలో అప్పటిదాకా జరిగిన అతి పెద్ద వినోద ప్రసారాల్లో ఒకటి వచ్చినప్పుడు అనుభవమున్న మహిళా ప్రొడ్యూసర్‌కి ఏ సీటు దొరికిందో గమనించమంటున్నాను, అంతే. గౌనేసుకుని నిలబడే సీటు.

ఆ సీటు సుఖంగా ఉండేదా అంటే అదీ లేదు. ముందటేడు యాంకర్ కేటీ బాయిల్ చేసిన పని వేరు. ఆవిడ అప్పటికి మూడుసార్లు ఇదే పోటీకి యాంకరింగ్ చేసిన మనిషి, అది నాలుగోసారి. 1974లో ఓటింగ్ కూడా సులువు, దేశానికి పదిమంది జ్యూరీ, తలకో ఓటు, అది తనకి నచ్చిన పాటకి. 1975లో మొట్టమొదటిసారి కొత్త పద్ధతి తెచ్చారు. ప్రతి దేశమూ తనకి నచ్చిన పది పాటలకి 1 నుంచి 8 దాకా, ఆపైన 10, 12 ఇస్తుంది. ఇవాళ్టికీ యూరోవిజన్ అంటే అందరికీ తెలిసిన ఆ ‘పన్నెండు పాయింట్లు’ పుట్టింది ఆ రాత్రే. పుట్టించిన మంత్రసాని మన ఫాల్క్.

ఇక్కడే అసలు కిటుకు, ఆ లిస్టులు వేసేవాళ్ళు చెప్పనిది. ఇప్పుడు పాయింట్లు చిన్న నుంచి పెద్దకి వరసగా వస్తాయి కాబట్టి తర్వాతి అంకె ఏమిటో చిన్నపిల్లాడికి కూడా తెలుసు. 1975లో అలా కాదు. పాటలు పాడిన వరసలో చెప్పేవారు. మొదట పాడింది నెదర్లాండ్స్ కాబట్టి ముందు దాని అంకె, తర్వాత ఐర్లాండ్‌ది, తర్వాత ఫ్రాన్స్‌ది, చిట్టచివర ఇటలీది. అంటే మొదటి అంకె 3 కావచ్చు, 12 కావచ్చు, ఏదైనా కావచ్చు. ఊహించడానికి లేదు, చెవితో పట్టుకోవాల్సిందే. వీడియో లైను లేదు, ఫోన్ లైను మాత్రమే, అవతలి మొహం కనపడదు. ఒకడు ఇంగ్లీషులో చెప్తాడు, ఇంకొకడు ఫ్రెంచ్‌లో. ఆ సంవత్సరం పందొమ్మిది దేశాలు, ఒక్కోటి పది అంకెలు, మొత్తం 190. ఆ నూటతొంభై అంకెల్ని గరగరలాడే ఫోన్లో విని, ఏ దేశానికి ఎంతో తిరిగి పలికి, స్కోర్‌బోర్డ్ సరిగ్గా పడుతోందో లేదో చూసుకుని, మధ్యలో నవ్వుతూ ఉండాలి. తనది కాని రెండు భాషల్లో.

మన ఛానళ్ళలో కౌంటింగ్ రోజు చూసినవాళ్ళకి ఇది వెంటనే అర్థమవుతుంది. కౌంటింగ్ సెంటర్ నుంచి రిపోర్టర్ ఫోనోలో లీడ్ చెప్తుంటాడు, వెనక కార్యకర్తల అరుపులు, ఎన్ని వేలన్నాడో ఎన్ని వందలన్నాడో తెలీదు, ఏ రౌండో తెలీదు, యాంకర్ రెండోసారి అడిగితే లైను కట్. అదీ మాతృభాషలో. అలాంటి రోజు సాయంత్రం ఒక్క అంకె దగ్గర తడబడినందుకు ఒక యాంకర్ వీడియో కట్ చేసి పంచుకుని నవ్వుకోవడం నేను దగ్గర్నించి చూశాను. ఆ అమ్మాయి ఉదయం ఐదింటి నుంచి అదే కుర్చీలో ఉందని ఆ పది సెకన్ల వీడియోలో ఉండదు.

ఫాల్క్ యాంకర్‌గా అద్భుతం అని నేను అనను. పాత రికార్డింగ్ చూస్తే కేటీ బాయిల్ తీరిక, ఆ రాజసం ఈవిడలో లేవు. పనిచేసే మనిషి పనిచేస్తున్నట్టే ఉంటుంది. కానీ నాకు నచ్చిందల్లా ఒకటి. మాట దొరకనప్పుడు యాంకర్లు సాధారణంగా కప్పేస్తారు, నవ్వుతో నింపేస్తారు, ఏదో ఒకటి అనేసి ముందుకి పోతారు. ఈవిడ అడిగింది. అంకె తప్పు పడటం కంటే తను నవ్వులపాలవడం మేలనుకుందో, ఆలోచించేంత టైమే లేదో గానీ, అడిగింది. ఇది ప్రొడ్యూసర్ చేసే పని. కంట్రోల్ రూమ్‌లో తెలియనిది అడగకపోతే పక్కవాడు తప్పు బటన్ నొక్కుతాడు, అందుకని మొహమాటం లేకుండా అడగడం అలవాటైపోతుంది. స్కోరు మాత్రం గట్టెక్కింది. నెదర్లాండ్స్ నుంచి వచ్చిన టీచ్-ఇన్ గ్రూపు ‘డింగ్-ఎ-డాంగ్’ పాటతో 152 పాయింట్లు తెచ్చుకుని గెలిచింది, బ్రిటన్ తరఫున ద షాడోస్ రెండో స్థానం. కొత్త పద్ధతి మొదటి రాత్రే నిలబడింది, ఈనాటికీ నడుస్తోంది.

ఆ సంవత్సరం గురించి ఇంకో మాట. 1975ని ఐక్యరాజ్యసమితి అంతర్జాతీయ మహిళా సంవత్సరంగా ప్రకటించింది. స్వీడన్ అప్పటికే చాలా దూరం వచ్చింది, 1971లో భార్యాభర్తలకి వేర్వేరుగా ఆదాయపు పన్ను, 1974లో బిడ్డ పుడితే తల్లీ తండ్రీ పంచుకోగలిగే సెలవు. ఇవన్నీ చూసి అక్కడి ఆడవాళ్ళకి అన్నీ వడ్డించిన విస్తరి అనుకుంటారు మనవాళ్ళు. చట్టాలు వచ్చినంత తొందరగా కుర్చీలు మారలేదు. స్వీడన్ పబ్లిక్ టీవీ మొత్తానికి అధిపతిగా ఒక మహిళ, మరియా కుర్మన్, వచ్చేసరికి 2000 దగ్గరకొచ్చింది. గున్ హెగ్‌లుండ్ వార్తలు చదివిన నలభై ఏళ్ళ పైచిలుకుకి! ఆ తర్వాత మాత్రం క్రిస్టీనా యుటర్‌స్ట్రోమ్, ఎవా హామిల్టన్, హన్నా స్టియేర్నె, ఆన్ లాగర్‌క్రాంట్స్, వరసగా అందరూ ఆడవాళ్ళే. మొహానికి నలభై ఏళ్ళ ముందే ఒప్పుకున్న సంస్థ సంతకానికి అంతకాలం ఆగింది.

మహిళా సంవత్సరం కాబట్టి ఫాల్క్ మీద స్వీడన్ జనం పూలు చల్లారనుకునేరు. అసలు గొడవ వేరే ఉంది. అప్పుడు స్వీడన్‌లో వామపక్ష సంగీత ఉద్యమం బలంగా ఉండేది, ఈ పోటీ అంతా వ్యాపారం, దీని మీద జనం డబ్బు ఎందుకు తగలేస్తున్నారని ఊరేగింపులు తీశారు, పోటీగా తమ సొంత పాటల పండగ పెట్టుకున్నారు. మరుసటి ఏడాది, 1976లో, స్వీడన్ అసలు పోటీలోనే పాల్గొనలేదు. మళ్ళీ గెలిస్తే మళ్ళీ ఖర్చు మా నెత్తినేనా అన్న భయం అందులో ఉంది, ఆ తర్వాత ఖర్చుని దేశాలన్నీ పంచుకునే ఏర్పాటు వచ్చింది. అంటే వీధిలో సగం మంది అసలు జరగకూడదనుకుంటున్న ప్రోగ్రాంకి, ఎవరూ అంతకుముందు వాడని లెక్కల పద్ధతితో, ఆవిడ మొహమిచ్చి నిలబడింది.

‘అయినా ఆవిడకి లేని బాధ నీకెందుకు’ అని ఒక స్నేహితుడు అన్నాడు, ఇదంతా వాట్సాప్‌లో వాడికి వాయిస్ నోట్లు పెట్టి పెట్టి విసిగిస్తే. న్యాయమైన ప్రశ్నే. గుర్తుండటమే గొప్ప, తప్పుతోనైనా, అంటాడు వాడు. బిల్తేన్, ఐవర్త్ పేర్లు ఆ తప్పుతో కూడా ఎవరికీ గుర్తులేవు కదా అంటాడు. ఒప్పుకుంటాను. కానీ వాళ్ళని ఎవరూ తప్పుగా గుర్తుపెట్టుకోలేదు కూడా. వాళ్ళ పేర్లు వెతికితే పక్కన డైరెక్టర్, ప్రొడ్యూసర్ అనే ఉంటుంది. ఫాల్క్ పేరు వెతికితే పక్కన ఏడు ఉంటుంది, చేసిన ఉద్యోగం ఎక్కడో కింద నాలుగో లైనులో ఉంటుంది.

నవ్వే లిస్టులు రాసేవాళ్ళు ఇంకో పని కూడా చెయ్యొచ్చు. ఆ తర్వాత యూరోవిజన్ వాళ్ళు ఓటింగ్‌ని ఏం చేశారో వరసగా చూడొచ్చు. 1980లో పాయింట్లు ఒకటి నుంచి పన్నెండు దాకా ఎక్కే వరసలో చదవాలన్నారు. 1994లో ఫోన్ గొంతుల బదులు మనుషుల్ని వీడియోలో చూపించడం మొదలైంది. 2006లో ఏడు దాకా అంకెలు వాటంతటవే తెరమీద పడేలా చేసి, ఎనిమిది, పది, పన్నెండు మాత్రం నోటితో చెప్పమన్నారు. 2016లో, అదీ స్టాక్‌హోమ్‌లోనే, జ్యూరీల తరఫున పన్నెండు ఒక్కటే చదివితే చాలన్నారు. ఇప్పటి యాంకర్ చెవితో పట్టుకోవాల్సింది దేశానికి ఒక్క అంకె, అది ఎంతో ముందే తెలుసు. జ్యూరీ పాయింట్లు చెప్పేటప్పుడు ఏడుని పైకి పలకాల్సిన పని ఎవరికీ లేదు.